నిమ్మ ముందా, మరువం ముందా

ఆమె పోయిన సంగతి నాకు చెప్పినవాడు మా అంగట్లో సోడాపొడి కొనడానికి వచ్చాడు. బత్తలపల్లె మనిషి. ఈ ఊళ్ళో చుట్టాలింటికి వచ్చాడట. నేను పొట్లం కడుతూ ఉంటే మాటల్లో మాటగా అన్నాడు.

"మీ ఊరి బంగళా వంటామె మా ఈదిలోనే ఉండె గదమ్మా, మేనకోడలింట్లో. పోయిన నెల్లో పాయె. రోగం లేదు, నొప్పి లేదు. కూసున్నట్లే పాయె."

నేను దారం చుడుతూనే ఉన్నాను. అతను ఊరుకోక ఇంకో మాట కూడా అన్నాడు.

"ముసలామెకు తీపంటే శానా ఆశమ్మా. చక్కెర కనపడితే చాలు, అడిగి పెట్టించుకుని నోట్లో ఏసుకునేది. ఇంట్లోవాళ్ళంతా నగేవాళ్ళు."

అతను వెళ్ళిపోయాడు. ఆమె పోయిందన్నది నన్ను అంతగా పట్టుకోలేదు. ఆ వయసుకు ఎవరైనా పోతారు. చక్కెర అడిగి తినేదట. నేనెరిగిన పదకొండేళ్ళలో ఆమె తీపి నోట పెట్టగా చూడలేదు, ఒక్కసారి తప్ప. ఆ ఒక్కసారికీ కారణం నేనే.

ఆమె పేరు నాకు తెలుసు. రాయను. బతికుండగా ఆ పేరుతో నేనెప్పుడూ పిలవలేదు. అక్కా అనలేదు, అత్తా అనలేదు. "వచ్చినావా" అనేదాన్ని, "ఇదో, ఇట్ల చూడు" అనేదాన్ని. ఆమె మాత్రం నన్ను నోరారా "శెట్టెమ్మా" అని పిలిచేది. ఇప్పుడు తీరుబడిగా కూర్చుని పేరు పెట్టి రాసి మంచిదాన్ని అనిపించుకోవడం నాకు చేతకాదు.

మా ఊరు గోరంట్ల నుంచి కదిరి పోయే దారిలో ఉంది. ఊరి బయట రాళ్ళగుట్ట కింద దొరల బంగళా ఒకటుండేది. నేను కాపురానికి వచ్చేనాటికే దానికి తాళం పడింది. అంతకు రెండేళ్ళ ముందు దొరసాని తన దేశం వెళ్ళిపోయింది. వెళ్తూ వెళ్తూ వంటామెను వెనక గదిలో ఉండమంది. ఎవరో ఒకరు మళ్ళీ వచ్చి బంగళా తెరుస్తారు, తెరిచిననాడు వంటమనిషివి నువ్వే అని చెప్పిందట. ఆమె ఆ మాట పట్టుకుని ఆ గదిలో ఉండిపోయింది. కూలికి పోయేది, వేరుశెనక్కాయలు ఒలిచేది, ఎవరింట్లోనైనా కాన్పయితే గుడ్డలుతికేది. అడిగితే మాత్రం "బంగళాలో వంటపని" అనే చెప్పేది.

ఆమెను తలుచుకుంటే నాకు ముందు కనపడేది చేతులు. ఎక్కడికి వచ్చినా ముందు రెండు అరచేతులూ ఏదో ఒక చల్లటిదానికి ఆనించేది. నీళ్ళ కడవకో, నీడపట్టున ఉన్న గోడకో, మా అంగడి మెట్టు బండకో. చేతి వేడి వెన్నకు తగలకూడదని దొరసాని నేర్పిందట. ఈ సీమలో చేతులు చల్లగా ఉంచుకోమనడం ఎంత మాట! ఎండాకాలం మా అంగడి తాళం ముట్టుకుంటే వేళ్ళు బొబ్బలెక్కుతాయి. అయినా ఆమె వినేది కాదు. ఆ రోజు పిండి కలిపే పని లేకపోయినా చేతులు చల్లబెట్టుకోవడం మానేది కాదు.

"అలవాటు తప్పితే చెయ్యి మర్సిపోతాది శెట్టెమ్మా. రేపు దొరలొచ్చి దిగినాంక చెయ్యి తిరగలేదంటే ఊరికే ఉంటారా?"

దొరసాని నేర్పిన వంటలు చాలానే ఉన్నాయి గానీ ఆమె పట్టుకున్నది ఒక్కటే. గుల్లగా, నోట్లో వేసుకుంటే రాలిపోయే బిస్కత్తు. దాంట్లో దొరసాని తన దేశపు ఆకు ఏదో వేసేదట. ఆ ఆకు విత్తనాలు మూడుసార్లు తెప్పించి చల్లితే మూడుసార్లూ మొలక మాడిపోయింది. "ఇదేసి చూడు మ్మా" అని మరువం కొమ్మ తెంపి ఇచ్చింది తనేనని చెప్పేటప్పుడు ఆమె మెడ కొంచెం నిక్కేది. నిమ్మతొక్క, మరువం. ఆడవాళ్ళు కొప్పులో పెట్టుకునే మరువాన్ని పిండిలో కలపడమేమిటని మా అత్త ముక్కున వేలేసుకుంది.

"చక్కెర ఒగటి, వెన్న రెండు, పిండి మూడు." ఇది చెప్తూ ఒక్కో వేలూ మడిచేది. అంతకు మించి లెక్క ఆమెకు రాదు, అక్కర్లేదు కూడా. లోకంలో ఏ చెడు జరిగినా ఆమె దగ్గర ఒకటే మాట ఉండేది. మొగుడూ పెళ్ళాలు కొట్టుకున్నా, కొత్తగా తవ్విన బావిలో నీళ్ళు పడకపోయినా, "కొలత తప్పింటారు" అనేది. వాన రాకపోతే పైకి చూసి, "పైనాయన కూడా కొలత తప్పినాడు సూడు శెట్టెమ్మా" అనేది. నవ్వేది కాదు.

ఆమె పొయ్యి కిరసనాయిలు డబ్బా. అడుగున ఇసుక, మూత మీద తుమ్మబొగ్గుల నిప్పులు. పిండి పిసికేది తాడిపత్రి నల్లబండ మీద. అది దొరసాని వదిలిపోయినది. బిస్కత్తు మీద చుక్కలు చుక్కలుగా పొడవడానికి దొరసాని దగ్గర వెండి ముళ్ళగరిటె ఉండేదట. ఈమె తుమ్మముల్లు కడిగి, దాంతో పొడిచేది. నిమ్మకాయకు పైన పసుపు మాత్రం గీరాలి, కింద తెలుపు తగలకూడదు. తెలుపు తగిలితే చేదు. ఇవన్నీ ఆమె మెట్టు కింద నిలబడి చెప్పేది, నేను మెట్టు పైన కూర్చుని వినేదాన్ని. పొద్దు పోని మధ్యాహ్నాల్లో నాకు అదొక కాలక్షేపం.

ఆ నిమ్మచెట్టు సంగతి కూడా చెప్పాలి. గది వెనక ఒకటే చెట్టు. దాని మొదట్లో బండ వేసుకుని ఆమె దాని మీదే నిలబడి నీళ్ళు పోసుకునేది. గిన్నెలూ అక్కడే కడిగేది, గుడ్డలూ అక్కడే ఉతికేది. ఆ చెట్టుకు విడిగా ఒక్క చెంబు నీళ్ళు పోసే భాగ్యం మా ఊళ్ళో ఎవరికీ లేదు. ఆ చెట్టు తాగినవన్నీ ఆమె ఒంటి మీదుగా పోయిన నీళ్ళే.

ఇన్ని చేసే మనిషి తన బిస్కత్తు తను తినేది కాదు. ఒకరోజు అడిగాను.

"ఇడిసిపెట్టినా" అంది. "నా కొడుకు ఆరేండ్లోడు, వాంతిభేదికి పాయె. వానికి తీపంటే పానం. వాణ్ణి మట్టిలో పెట్టిన దినం అనుకున్యా, వాడు తిననిది నేను తిననని."

"మీ మతంలో కూడా అట్లాంటివి ఉండాయా?"

"పాస్టరయ్య అదే అన్యాడు. దేవునికి ఇట్లాంటి మొక్కులు అక్కర్లేదమ్మా, తిను అన్యాడు. నేను దేవునితో చెప్పుకోలేదయ్యా, నా బిడ్డతో చెప్పుకున్యా అంటి. ఇంగేం మాట్లాడలేదు."

అలా చెయ్యి ఆమెది, నాలుక ఇంకొకరిది కావలసి వచ్చింది. పాస్టరయ్య పిల్లలు తినేవాళ్ళు. వాళ్ళ మాట ఆమె లెక్కలోకి తీసుకునేది కాదు. "పిల్లోళ్ళకేం మ్మా, చక్కెర తగిలితే చాలు, మట్టిగడ్డన్నా తింటారు" అనేది. ఆమె కన్ను నా మీద పడింది. అందుకు తప్పు నాదే. బెల్లం ముక్క నాలుక మీద వేసుకుని ఏ ఊరి గానుగదో చెప్పడం, చింతపండు నాకి కొత్తదా పాతదా తేల్చడం మా అంగట్లో నా గొప్ప. మా ఆయన నలుగురిలో నన్ను పిలిచి రుచి చూపించేవాడు. నేను కళ్ళు మూసుకుని, చప్పరించి, ఊరి పేరు చెప్పేదాన్ని. ఒక సంతరోజు ఆమె మెట్టు కింద నిలబడి అదంతా చూసింది.

మూడోరోజు ఒక ఆకులో పెట్టి, దాని మీద కాగితం కప్పి, రెండు బిస్కత్తులు మెట్టు మీద పెట్టింది.

"నువ్వు చెప్పల్ల శెట్టెమ్మా. నిమ్మ ముందొచ్చిందా, మరువం ముందొచ్చిందా? దొరసాని చేసేదాంట్లో మరువం ముందొచ్చి, నిమ్మ ఎనకాల వచ్చేది. దొరసాని నాకు ఎప్పుడూ బాగుందని చెప్పలేదు. 'ఇంకా రాలేదు' అనేది. ఎల్లిపోయేనాడు కూడా అదే మాట. వచ్చేవాళ్ళు వచ్చేలోపల అది రావల్ల."

"సరే, తిని చెప్తా" అన్నాను.

లోపలికి తీసుకెళ్తే మా అత్త గడప దగ్గరే ఆపింది. "ఆమె చేతిది నోట్లో పెడతావా? కోడిగుడ్డు కూడా ఏసింటాది." నేను వాదించలేదు. వాదించాలని కూడా అనిపించలేదు. వాసన మాత్రం చూశాను. ఇప్పటికీ చెప్తాను, అంత మంచి వాసన మా అంగట్లో ఏ డబ్బా మూత తీసినా రాలేదు. తీసుకెళ్ళి పెరటి గోడ అవతల నిలబడే మా కర్రి ఆవుకు పెట్టాను. అది కళ్ళు మూసుకుని తిని, కాగితం కూడా నాకింది.

మర్నాడు ఆమె వచ్చింది. చేతులు మెట్టు బండకు ఆనించింది.

"తినినావా? ఎట్లుండాది?"

"బాగుండాది. శానా బాగుండాది."

"ఏది ముందొచ్చింది?"

"నిమ్మ" అన్నాను. నోటికి వచ్చింది చెప్పాను.

ఆమె ముఖంలో నిరాశ లేదు. పనిమంతుల ముఖంలో ఉండే ఆలోచన ఉంది. మళ్ళీసారి మరువం ఎక్కువ వేసి తెచ్చింది. ఆవు తినింది. నేను బాగుండాదన్నాను. ఏడాదికి మూడుసార్లో నాలుగుసార్లో, చెట్టు కాసినప్పుడు, ఎవరో ఒకరు వెన్న పెట్టినప్పుడు, ఇదే తంతు. కోడిగుడ్డు మాట ఎవరు చెవిన వేశారో, ఒకసారి తనే అంది: "దీంట్లో గుడ్డు ఉండదు శెట్టెమ్మా. మీరు తింటారని తీసేసింది గాదు. అసలుకే ఉండదు." నేను తల ఊపాను.

అన్నిసార్లూ బాగుందంటే అనుమానపడుతుందేమోనని నాకే తోచింది. నాలుగో ఏడో ఐదో ఏడో, అతితెలివికి పోయి, "ఈసారి నిమ్మ కొంచెం తక్కువైనట్లుండాది" అన్నాను. ఆమె ఎంత సంతోషపడిందో చెప్పలేను. "సూడు, నువ్వు నిజం చెప్తావు. అందుకే నీకాడికి వస్తా" అంది. ఆ మాట విన్నాక నాకు ఆ మాట మీద మోజు పుట్టింది. ఆ తర్వాత మూడింటికి రెండుసార్లు "ఇంకొంచెం నిమ్మ పడాల" అనేదాన్ని. అప్పుడప్పుడు కళ్ళు మూసుకుని, చప్పరించి మరీ చెప్పేదాన్ని.

మా అత్త పోయింది. ఆ తర్వాత నన్ను గడప దగ్గర ఆపేవాళ్ళెవరూ లేరు. అయినా నేను తినలేదు. ఎందుకు తినలేదని ఇప్పుడు అడిగితే, అలవాటు అనొచ్చు. అత్త మీద పెట్టి చెప్పుకోవడం తేలిక గానీ, అత్త లేని ఆరేళ్ళ సంగతి ఎవరి మీద పెట్టను?

తర్వాత వానలు లేవు. ఒక ఏడు తప్పితే మా సీమలో ఎవరూ దాన్ని కరువనరు. వరసగా తప్పాయి. చెనక్కాయ విత్తనం భూమిలోనే మాడింది. ఎద్దులను తోలుకుపోయి వచ్చిన రేటుకు ఇచ్చేశారు. మా కర్రి ఆవు కూడా గోరంట్ల సంతకు వెళ్ళి తిరిగి రాలేదు. కడవ నీళ్ళ కోసం ఆడవాళ్ళు రెండు మైళ్ళు పోతుంటే ఆమె తన వంతు నీళ్ళు తెచ్చి, ఒళ్ళు తడుపుకుని చెట్టుకు ఇచ్చేది. చెట్టు ఆకు ముడుచుకుంది. కాయ కాసింది గానీ గోలీకాయంత. తొక్క మందం, రసం లేదు.

అప్పుడు వచ్చింది ఆ కబురు. కరువు గంజి పోయించడానికి, పాలపొడి పంచడానికి దొర ఒకడు వస్తున్నాడని, బంగళా చూస్తాడని, బాగుంటే అక్కడే మకాం పెట్టి ఏళ్ళతరబడి ఉంటారని, బాగులేకపోతే బంగళా అమ్మేస్తారని. పాస్టరయ్య ఆ ముక్క ఆమెకు చెప్పిన సాయంత్రం ఆమె మా అంగడికి పరుగెత్తుకుని వచ్చింది. మెట్టుకు చేతులు ఆనించడం కూడా మర్చిపోయింది.

"వస్తాండారు శెట్టెమ్మా! నేను చెప్పలే? వస్తారని చెప్పలే?"

నేను సంతోషపడ్డాను. నిజంగానే పడ్డాను. బంగళా తెరిస్తే ఆమెకు వంటపని, గది, చెట్టు. అమ్మేస్తే ఈ మూడూ పోతాయి. యాభై దాటిన మనిషి, ఈ కరువులో ఎక్కడికి పోతుంది? మైదా, చక్కెర నేను ఇచ్చాను, దుడ్లు తీసుకోలేదు. వెన్న కోసం ఆమె మూడూళ్ళు తిరిగి, చివరికి తన కంచు చెంబు ఇచ్చి ఒక గొల్లవాళ్ళింట్లో గుప్పెడు సంపాదించింది. దొర వచ్చేదానికి రెండురోజుల ముందు మళ్ళీ వచ్చింది.

"నిమ్మకాయలు ఐదే ఉండాయి. అవి కూడా ఇంతింతవి. సరిపోతాయంటావా? నువ్వేమో ఎప్పుడూ నిమ్మ సాలదంటివి."

అప్పుడైనా చెప్పి ఉండొచ్చు. సరిపోతాయి, ఉన్నదాంతో చెయ్యి అంటే అయిపోయేది. నేను పెద్ద రుచి తెలిసినదాన్నిలా ఆలోచించి, "కొంచెం గట్టిగా గీరు" అన్నాను.

"నువ్వు కూడా రా ఆ పొద్దు. నీకు నోరుండాది. నాలుగు మంచి మాటలు చెప్పు నా గురించి" అంది. ఒప్పుకున్నాను. అన్నేళ్ళలో నేను ఆమె ఉండే చోటికి వెళ్ళడం అదే మొదలు.

బంగళా వసారా కడిగినట్లుంది. నీళ్ళు ఎక్కడివని అడగలేదు. గదిలో నల్లబండ మీద పిండి మరకలు ఇంకా ఆరలేదు. బంగారు గీత ఉన్న పింగాణీ పళ్ళెం ఒకటి, అంచు చిట్లింది, దొరసాని వదిలిపోయినదట, దాంట్లో పన్నెండు బిస్కత్తులు పేర్చి ఉన్నాయి. ముళ్ళ గుర్తులు వరసగా పడ్డాయి. మా ఆయన కాటాలో తూచినా ఒకదానికీ ఇంకోదానికీ తేడా వచ్చేది కాదు. నిమ్మకాయలు ఐదూ గూట్లో ఉన్నాయి. పసుపు ఎక్కడా లేదు. తెలుపు కూడా లేదు. లోపలి తొనల దాకా గీరేసింది.

దొర వచ్చేసరికి పది దాటింది. సన్నటి మనిషి, మెడంతా ఎండకు కమిలిపోయి ఉంది. వెంట ఒక గుమాస్తా. గదులన్నీ తిరిగారు. బావి దగ్గర గుమాస్తా ఒక రాయి లోపలికి వేశాడు. రాయి మీద రాయి పడ్డ చప్పుడు వసారాలో కూర్చున్న నాకు వినపడింది. తర్వాత వచ్చి కుర్చీలో కూర్చున్నాడు. ఆమె తల మీద కొంగు కప్పుకుని పళ్ళెం తెచ్చింది, టీ తెచ్చింది. నేను ఆమె గురించి నాలుగు మంచి మాటలు చెప్పాను. నిజాయితీ గల మనిషి, ఇన్నేళ్ళు బంగళా కనిపెట్టుకుని ఉంది, వంటలో ఆమె చెయ్యి చెయ్యే అని. గుమాస్తా ఆ మాటలు ఇంగ్లీషులో చెప్పాడు. దొర పళ్ళెం చూసి ముఖం విప్పారించాడు. వాళ్ళ దేశపు వస్తువు ఈ రాళ్ళ మధ్య కనపడితే ఎవరికి సంతోషం కాదు? ఒకటి తీసి కొరికాడు.

నమలడం ఒక్క క్షణం ఆగింది. మళ్ళీ నమిలాడు. టీ పెద్ద గుక్క తాగాడు. ఆమె వైపు తిరిగి, కష్టపడి నేర్చుకున్న తెలుగులో, "బాగుంది. చాలా బాగుంది" అన్నాడు. కొరికిన ముక్క సాసరులో పెట్టాడు.

ఆ "బాగుంది" నాకు బాగా తెలుసు. పదకొండేళ్ళు నేను చెప్పింది అదే. ఇంకెవరూ పోల్చుకోకపోయినా నేను పోల్చుకోగలను.

మిగిలిన బిస్కత్తులు పిల్లలకు పంచమని చెప్పి, ఉత్తరం రాస్తామని చెప్పి వెళ్ళిపోయారు. జీపు దుమ్ము అణగకముందే ఆమె నా వైపు తిరిగింది. ఆమె ముఖం అలా వెలగడం నేను మళ్ళీ చూడలేదు.

"వింటివా శెట్టెమ్మా? శానా బాగుందన్యాడు! దొరసాని నోట్నుంచి రాని మాట!"

"వింటిని" అన్నాను.

కప్పులు తీయబోయి ఆగింది. సాసరులో కొరికిన ముక్క. దాన్ని రెండువేళ్ళతో ఎత్తి చూసింది.

"అంత బాగుంటే ఇడిసిపెట్టినాడేమి?"

ఆమె ఆ ముక్క పట్టుకుని అలాగే నిలబడింది. ఆమె ఏం చేయబోతోందో నాకు అర్థమైంది. గబుక్కున లేచాను.

"వద్దు. నీ బిడ్డకు మాటిచ్చినావు గదా" అన్నాను.

ఆ మాట అన్నది ఆ బిడ్డ మీద జాలితో కాదు. నా గుట్టు బయటపడుతుందనే భయంతో. చచ్చిన పసివాణ్ణి అడ్డం పెట్టుకున్నాను. నేను చేసినవాటిలో నాకు ఇప్పటికీ అన్నిటికంటే అసహ్యమైనది అదే.

"తప్పెక్కడుందో తెలుసుకోవద్దా శెట్టెమ్మా? ఉత్తరం వచ్చేలోపల సరిచేసుకోవద్దా?" అంది. గుట్ట కింద, కొడుకును పెట్టిన సమాధుల వైపు ఒకసారి చూసింది. "ఒగ ముక్కే లేప్పా. ఏమనుకోగాకు" అంది, అక్కడున్నవానితో. నోట్లో వేసుకుంది.

ఆ తర్వాతి సంగతులు ముందే చెప్పేస్తాను. ఉత్తరం వచ్చింది. బావిలో నీళ్ళు లేనందువల్ల బంగళా పనికిరాదని రాశారు. బిస్కత్తు సంగతి దాంట్లో ఏముంటుంది? దానివల్ల కాదని పాస్టరయ్య అన్నాడు, మా ఆయన అన్నాడు, అందరూ అన్నారు. అది నిజమే అయి ఉంటుంది. నాకు దానివల్ల ఏ ఊరటా కలగలేదు. బంగళాను తాడిపత్రి బండల వ్యాపారి ఒకడు కొన్నాడు. చెట్టున్న చోట బండలు దించాడు. ఆమె ఒక గుడ్డమూటతో బత్తలపల్లె బస్సెక్కింది. అంగడి ముందు నుంచే బస్సు పోయింది. ఆమె ఇటు చూడలేదు.

ఆ పొద్దు వసారాలో ఆమె ఆ ముక్కను ఉమ్మలేదు. పదిహేనేళ్ళ తర్వాత నోట పడిన తీపి. మెల్లగా, చివరిదాకా నమిలి మింగింది. కళ్ళలో నీళ్ళు తిరిగాయి. చేదుకో, దేనికో.

"చేదు" అంది.

పళ్ళెం వైపు చూసింది, గీకేసిన కాయలున్న గది వైపు చూసింది, నన్ను చూసింది. కోపం వస్తుందనుకున్నాను. రాలేదు.

"ఇన్నేండ్లలో ఎన్ని తినినావు శెట్టెమ్మా?"

ఆ రోజు అబద్ధం నోటికి రాలేదు. "ఒగటి కూడా తినలేదు" అన్నాను.

ఆమె గోడకు చేరబడింది. అరచేతులు రెండూ గోడకు ఆనించింది.

"గుడ్డు లేదని చెప్తి గదమ్మా" అంది. అంతసేపు ఆలోచించి ఆమెకు దొరికిన నా తప్పు అది. నేను గుడ్డుకు భయపడ్డాననే అనుకుంది, లేక అలా అనుకుని నన్ను వదిలేసింది. మళ్ళీ అంది, నాతో కాదు, గుట్ట వైపు చూస్తూ: "నేను కొలత తప్పలేదు నాయనా."

నేను పళ్ళెంలోంచి ఒకటి తీశాను. ఆమె ముందర నిలబడి తిన్నాను. నోట్లో పెట్టగానే రాలిపోయింది, పదకొండేళ్ళుగా ఆమె చెప్పినట్లే. నిమ్మ ముందొచ్చింది. నాలుకంతా చేదు పరుచుకుంది. అది పోయాక, ఎక్కడో వెనక నుంచి, సన్నగా మరువం వచ్చింది. బెల్లం ఏ ఊరిదో చెప్పే నాలుక కదా, అంతా స్పష్టంగా తెలిసింది. నిమ్మ సగం తగ్గించి ఉంటే, నేను నోరు మూసుకుని ఉంటే, మరువమే ముందొచ్చేది. చెబుదామని తలెత్తాను.

ఆమె పళ్ళెం తుడుస్తూ ఉంది. ఏది ముందొచ్చిందని నన్ను అడగలేదు.